ఊపిరితిత్తి మీద బెరడు: డీకార్టికేషన్ గురించి మీ ప్రశ్నలు

ఈసారి వచ్చిన ఉత్తరాల్లో సగానికి పైగా ఒకే విషయం మీద ఉన్నాయి. ఊపిరితిత్తి చుట్టూ చీమో నీరో రక్తమో చేరి, అది గట్టిపడి పొరలా బిగుసుకుపోతే ఆ పొరను ఒలిచి తీసేసే ఆపరేషన్ ఒకటుంది, డాక్టర్లు డీకార్టికేషన్ అంటారు. ఆ పేరు విన్న దగ్గర్నుంచి నిద్ర పట్టడం లేదని రాసినవాళ్లూ ఉన్నారు. అందుకని మిగతా ప్రశ్నలు వచ్చే సంచికకు పక్కన పెట్టి, వీటికే జవాబులు రాస్తున్నాను. పేర్లు, ఊళ్లు కావాలనే తీసేశాను.

ప్రశ్న: మా నాన్నగారికి 58 ఏళ్లు. నెలన్నర కిందట నిమ్ము చేసి ఆసుపత్రిలో చేర్చాం. జ్వరం తగ్గింది, పక్కన గొట్టం పెట్టి చీము కూడా తీశారు. అయినా ఊపిరితిత్తి విచ్చుకోలేదట, చుట్టూ పొర కట్టేసిందట, ఆపరేషన్ చేసి తీయాలంటున్నారు. చీము బయటికి వచ్చేసింది కదా, మళ్లీ ఈ పొర ఎక్కడిది? మందులతో కరగదా?

ముందు ఒక చిన్న సవరణ. ఆ చీము ఊపిరితిత్తి లోపల లేదండీ, దాని బయట ఉంది. ఊపిరితిత్తిని అంటిపెట్టుకుని పలచటి పొర ఒకటి, పక్కటెముకల లోపలి వైపు ఇంకో పొర ఉంటాయి, రెండిటినీ కలిపి ప్లూరా అంటాం. ఈ రెండు పొరల మధ్య మామూలుగా రెండు మూడు చెంచాల తడి తప్ప ఇంకేమీ ఉండదు. ఊపిరి తీసి వదిలినప్పుడల్లా ఊపిరితిత్తి ఛాతీ గోడ మీద రాపిడి లేకుండా జారేది ఆ కాస్త తడి వల్లే.

నిమ్ము వచ్చినప్పుడు ఆ రెండు పొరల మధ్యకి నీరు ఊరుతుంది. మొదటి కొన్ని రోజులు అది పలచగానే ఉంటుంది, చాలామందికి యాంటీబయాటిక్స్‌తోనే ఇంకిపోతుంది, లేదా సూదితోనో సన్న గొట్టంతోనో తీసేస్తే సరిపోతుంది. ఇన్ఫెక్షన్ ఆ నీటిలోకి పాకితే మాత్రం అది చిక్కబడి చీముగా మారుతుంది, ఫైబ్రిన్ అనే జిగురు పదార్థం దారాలు దారాలుగా సాగి లోపలంతా సాలెగూడు అల్లినట్టు అల్లేస్తుంది. అప్పుడు చీము ఒకే చోట ఉండదు, గదులు గదులుగా విడిపోతుంది. గొట్టం పెడితే ఒక గది ఖాళీ అవుతుంది, పక్క గదిలోది అక్కడే ఉండిపోతుంది. ఇంకొన్ని వారాలు గడిస్తే ఆ జిగురులోకి మచ్చ కట్టే కణాలు వచ్చి చేరతాయి. కాలిన చోట చర్మం ముడుచుకుని గట్టిపడుతుంది చూడండి, సరిగ్గా అదే పని ఊపిరితిత్తి చుట్టూ జరుగుతుంది. ఈ మూడు దశల్నీ 1962లోనే అమెరికన్ థొరాసిక్ సొసైటీ విడివిడిగా చెప్పింది, ఇప్పటికీ మేం ఆ లెక్కలోనే మాట్లాడుకుంటాం. మొదటి దశ నుంచి మూడో దశకు రావడానికి కొందరికి రెండు మూడు వారాలు, కొందరికి ఆరు వారాల దాకా పడుతుంది. గీత గీసినట్టు ఫలానా రోజు అని చెప్పలేం, ఒకే మనిషి ఛాతీలో పైన రెండో దశ, కింద మూడో దశ కూడా ఉండొచ్చు.

మీ నాన్నగారికి నెలన్నర అయ్యిందన్నారు. అంటే చీము పోయినా దాని తొడుగు మిగిలిపోయిందన్నమాట. కార్టెక్స్ అంటే బెరడు, డీకార్టికేషన్ అంటే ఆ బెరడును ఒలవడం. అది ఊపిరితిత్తిని సగం ముడుచుకున్న స్థితిలోనే పట్టుకుని ఉంచుతుంది, గాలి పీల్చినా విచ్చుకోనివ్వదు. మేం దీన్ని చిక్కుకుపోయిన ఊపిరితిత్తి అంటాం. అలాగే వదిలేస్తే ఆ వైపు పక్కటెముకలు ఒకదానికొకటి దగ్గరైపోతాయి, ఛాతీకీ పొట్టకీ మధ్య ఉండే కండరం డయాఫ్రమ్ పైకి లాగబడి కదలడం మానేస్తుంది, ఆ వైపు ఛాతీ చిక్కిపోయినట్టు కనిపిస్తుంది. మిగిలిన ఖాళీలో మళ్లీ చీము పట్టే ప్రమాదమూ ఉంటుంది.

మందులతో కరగదా అంటే, కొత్తగా అల్లుకున్న ఫైబ్రిన్ దారాలు కరుగుతాయి, మచ్చగా మారిన బెరడు కరగదు. యాంటీబయాటిక్స్ క్రిముల్ని చంపుతాయి, పొరను ముట్టుకోవు. ఆయనకి ఆయాసం ఉండి, స్కాన్‌లో ఊపిరితిత్తి నిజంగానే చిక్కుకుని కనిపిస్తుంటే మీ డాక్టర్లు చెప్పింది సరైనదే.

ప్రశ్న: మా అన్నయ్యకి చీము చేరి పది రోజులైంది. గొట్టంలోంచి మందు ఎక్కిస్తే కరుగుతుందని ఒక డాక్టరు, కెమెరాతో ఆపరేషన్ చేసేయడమే మంచిదని ఇంకో డాక్టరు అంటున్నారు. ఎవరి మాట వినాలి?

ఇద్దరూ తప్పు చెప్పలేదు, అందుకే మీకు ఇంత టెన్షన్. పది రోజులంటే చాలామంది రెండో దశలో ఉంటారు, అంటే దారాలు అల్లుకున్నాయి గానీ బెరడు ఇంకా ముదరలేదు. ఈ దశలో రెండు దారులూ పనిచేస్తాయి.

గొట్టంలోంచి ఎక్కించే మందు అంటే ఒకటి కాదు, రెండు. ఒకటి గడ్డల్ని కరిగించే టీపీఏ, గుండెపోటులోనూ పక్షవాతంలోనూ వాడేది ఇదే. రెండోది డీఎన్ఏజ్, చీములో చనిపోయిన కణాల డీఎన్ఏ బంకలా తయారై చిక్కదనం తెస్తుంది, దాన్ని ఇది కోసి పలచన చేస్తుంది. 2011లో ప్రచురితమైన మిస్ట్ 2 అనే పరీక్షలో 210 మంది మీద చూస్తే రెండూ కలిపి ఇచ్చినప్పుడే చీము బాగా తగ్గింది, ఆపరేషన్‌కు పంపాల్సిన అవసరమూ తగ్గింది. ఏదో ఒకటే విడిగా ఇస్తే పెద్ద ప్రయోజనం కనిపించలేదు. అందులో టీపీఏ 10 మిల్లీగ్రాములు, డీఎన్ఏజ్ 5 మిల్లీగ్రాములు, రోజుకు రెండుసార్లు చొప్పున మూడు రోజులు ఇచ్చారు. కాబట్టి మీ అన్నయ్యకి ఒకటే మందు ఇస్తామంటే రెండోది ఎందుకు వద్దనుకున్నారో అడగండి, అడగడంలో తప్పు లేదు.

నా అభిప్రాయం అడిగితే, మనిషి కాస్త నిలకడగా ఉన్నాడు, చీము మరీ గదులు గదులుగా లేదు అంటే మందుతో మొదలుపెట్టి చూడొచ్చు. కానీ ముందే ఒక గడువు పెట్టుకోవాలి. మూడు నుంచి అయిదు రోజుల్లో జ్వరం దిగిందా, స్కాన్‌లో చీము తగ్గిందా అని చూసి, లేదంటే ఆలస్యం చేయకుండా సర్జన్ దగ్గరికి వెళ్లాలి. నేను చూసిన చాలా కేసుల్లో అసలు నష్టం ఎక్కడ జరిగిందంటే, గొట్టం పని చేయడం లేదని తెలిసి కూడా 'ఇంకో రెండు రోజులు చూద్దాం' అంటూ మూడు వారాలు గడిపేయడంలో. రెండో వారంలో చిన్న రంధ్రాలతో గంటన్నరలో ముగిసేది, ఆరో వారానికి పక్కన పెద్ద కోతతో నాలుగు గంటలు పట్టే పని అవుతుంది.

ప్రశ్న: నాకు టీబీ వల్ల ఛాతీలో నీరు చేరింది. నాలుగో నెల మందులు నడుస్తున్నాయి. బరువు పెరిగాను, జ్వరం లేదు, మెట్లెక్కితే కొంచెం ఆయాసం. స్కాన్‌లో 'ప్లూరా మందంగా ఉంది' అని రాశారు. నాకూ ఈ ఆపరేషన్ తప్పదా?

మీరు చెప్పినదాన్ని బట్టి ఇప్పుడే తొందర ఏమీ లేదు. రిపోర్టులో 'మందంగా ఉంది' అన్న మాట చూసి చాలామంది హడలిపోతారు. టీబీ నీరు తగ్గేటప్పుడు ప్లూరా కొంత మందం కావడం మామూలే, మందులు వాడుతున్నకొద్దీ నెలల తరబడి అది పలచబడుతూనే ఉంటుంది. కోర్సు అయిపోయాక కూడా కొన్నాళ్లు తగ్గుతుంది. అందుకే చీము లేకుండా ఉత్త నీరు మాత్రమే వచ్చిన టీబీలో మేం మందుల కోర్సు మధ్యలో కత్తి పట్టుకోం.

కోర్సు పూర్తయ్యాక కూడా రోజువారీ పనుల్లో ఆయాసం ఉంటే, ఊపిరి పరీక్షలో బిగుతు కనిపిస్తే, స్కాన్‌లో ఊపిరితిత్తి స్పష్టంగా కుంచించుకుపోయి ఉంటే అప్పుడు ఆపరేషన్ మాట ఎత్తుతాం. పరీక్ష అంటే గొట్టంలోకి గట్టిగా ఊదే స్పైరోమెట్రీ. ఊదిన మొత్తం గాలి తగ్గి, మొదటి సెకనులో బయటికొచ్చే భాగం మాత్రం మామూలుగానే ఉంటే అది బిగుతు. ఆస్తమాలో దీనికి తిరగబడి ఉంటుంది.

టీబీ చీముగా మారి, అది మందులకు లొంగక గొట్టం ఎన్నాళ్లున్నా కారుతూనే ఉంటే లెక్క వేరు, అప్పుడు ఇంతకాలం ఆగరు. అలాంటి పాత టీబీ బెరడు కొందరిలో సున్నం పట్టి రాయిలా తయారవుతుంది, దాన్ని తీయడం మా పనుల్లో అన్నిటికంటే ఓపిక కావాల్సిన పని. ఏదేమైనా మీరు మందులు మాత్రం ఒక్క రోజు కూడా ఆపకండి, ఆయాసం తగ్గలేదన్న విసుగుతో అయినా సరే.

ప్రశ్న: వచ్చే వారం నాకు డీకార్టికేషన్. అడిగితే 'పొర తీసేస్తాం, అంతే' అంటున్నారు. అసలు లోపల ఏం చేస్తారు? కెమెరాతో మొదలుపెట్టి మధ్యలో పెద్ద కోత పెట్టొచ్చు అని సంతకం ఎందుకు తీసుకున్నారు?

'అంతే' అన్న ఆ మాటలోనే మూడు గంటల పని ఉంది. చెప్తాను, భయపడకుండా చదవండి.

ముందు బ్రాంకోస్కోపీ చేస్తారు, అంటే సన్న కెమెరాతో శ్వాసనాళాలు చూస్తారు. ఎందుకంటే ఊపిరితిత్తి విచ్చుకోకపోవడానికి కారణం బయటి పొర కాకుండా లోపల దారికి అడ్డంగా ఉన్న గడ్డ అయితే, ఎంత పొర తీసినా ప్రయోజనం లేదు. ఆ తర్వాత మత్తు డాక్టర్ రెండు దారులున్న ప్రత్యేకమైన గొట్టం వేసి రెండు ఊపిరితిత్తుల్నీ విడివిడిగా నడిపిస్తారు, ఆపరేషన్ జరిగే వైపు ఆపేసి రెండో వైపుతోనే మీకు ఊపిరి అందిస్తారు. మిమ్మల్ని పక్కకి తిప్పి పడుకోబెడతారు.

కెమెరా ఆపరేషన్ అయితే రెండో మూడో చిన్న రంధ్రాలు, దీన్నే వ్యాట్స్ అంటాం. ఓపెన్ అయితే వీపు పక్క నుంచి ముందుకు వచ్చే కోత పెట్టి, అయిదో ఆరో పక్కటెముక దగ్గర సందు చేసుకుని లోపలికి వెళ్తాం. మొదట మిగిలిన చీము, గడ్డలు, సాలెగూడు అంతా ఖాళీ చేస్తాం. ఇంతవరకూ శుభ్రం చేయడమే. అసలు డీకార్టికేషన్ ఆ తర్వాత మొదలవుతుంది. గోడకు అతికించిన పాత పోస్టరును ఎప్పుడైనా గోళ్లతో లేపారా? ఒక మూల లేచిందంటే కొంత దూరం చక్కగా వస్తుంది, ఒక చోట సున్నంతో సహా ఊడుతుంది. ఇక్కడా అంతే, బెరడుకూ ఊపిరితిత్తికీ మధ్య ఒక సన్నని పొరసందు దొరకాలి. అది దొరకడమే మొత్తం ఆపరేషన్‌లో కీలకం. దొరికాక మత్తు డాక్టర్‌ని ఊపిరితిత్తిలోకి కొంచెం కొంచెంగా గాలి ఊదమంటాం, లోపలి నుంచి అది ఉబ్బుతుంటే బయటి నుంచి బెరడు ఒలుస్తాం. బూడిద రంగులో చప్పిడిపోయి ఉన్న ఊపిరితిత్తి బెరడు లేచిన చోటల్లా గులాబీ రంగులో ఉబికి బయటికి వస్తుంది. ఇన్నేళ్లయినా నాకు ఆ దృశ్యం పాతబడలేదు.

ఊపిరితిత్తి మీదిది తీశాక, దాని మడతల మధ్య, డయాఫ్రమ్ మీద ఉన్నది కూడా విడిపించాలి. డయాఫ్రమ్ కదలకపోతే సగం పని చేసినట్టే. ఛాతీ గోడ వైపు పొర కూడా తీయాలా వద్దా అన్నది అప్పటికప్పుడు నిర్ణయిస్తాం, అక్కడ రక్తస్రావం ఎక్కువగా ఉంటుంది కాబట్టి కొన్నిచోట్ల వదిలేయడమే తెలివైన పని. అందుకే ముందు రోజే రక్తం సిద్ధం చేయిస్తారు.

కోత మార్పు గురించి: బెరడు ఎంత పాతదైతే కెమెరాతో తీయడం అంత కష్టం. కెమెరాతో మొదలుపెట్టి, ఊపిరితిత్తి పూర్తిగా విచ్చుకోవడం లేదని తెలిసి కూడా చిన్న కోతల కోసం అలాగే ముగించేస్తే మీకు అన్యాయం చేసినట్టు. ఆ పరిస్థితిలో పెద్ద కోతకు మారడాన్ని ఫెయిల్యూర్ అనుకోవద్దు, సర్జన్ మీ మేలు కోరి తీసుకున్న నిర్ణయం అది.

ఇది కొత్త ప్రయోగమేమో అన్న అనుమానం కూడా మీ ఉత్తరంలో కనిపించింది. కాదండీ. అమెరికాలో ఫౌలర్ 1893లో, ఫ్రాన్స్‌లో డెలోర్మ్ 1894లో దీన్ని మొదలుపెట్టారు. అంతకు ముందు ఛాతీలో చీము అంటే చావు కబురే. పేరుమోసిన ఫ్రెంచి సర్జన్ డ్యుపుట్రెన్ కూడా 1835లో ఈ జబ్బుతోనే పోయాడు, ఆపరేషన్ చేస్తామంటే సర్జన్ చేతిలో కంటే దేవుడి చేతిలో చావడమే నయమన్నాడని చెబుతారు. ఆనాటి సర్జరీ గురించి ఆయనకు తెలిసినంత ఇంకెవరికి తెలుసు! మీరు ఆయన రోజుల్లో లేరు, ఆ ధైర్యంతో వెళ్లండి.

వెళ్లేలోపు మీరు చేయగలిగినవి ఇవి. సిగరెట్ ఉంటే ఈ రోజే ఆపేయండి. మంచాన పడి ఉండకుండా రోజూ నడవండి, ఊపిరి వ్యాయామాలు ఇప్పుడే నేర్చుకోండి, ఆపరేషన్ అయ్యాక నొప్పిలో నేర్చుకోవడం కష్టం.

ప్రశ్న: మా ఆవిడకి ఆపరేషన్ అయి ఆరు రోజులు. రెండు గొట్టాల్లో ఒకటి తీశారు, రెండోదాని సీసాలో ఇంకా బుడగలు వస్తున్నాయి. ఆపరేషన్ సరిగ్గా జరగలేదా? కదిలితే నొప్పి అని ఆమె లేవడం లేదు, దగ్గడం లేదు.

బుడగల సంగతి ముందు. బెరడు ఒలిచేటప్పుడు ఊపిరితిత్తి పైభాగం అక్కడక్కడా గీరుకుపోవడం మామూలే, ఆ చిన్న చిన్న చోట్ల నుంచి గాలి లీకవుతుంది, అదే సీసాలో బుడగ. ఊపిరితిత్తి విచ్చుకుని ఛాతీ గోడకు ఆనుకుంటే అవి వాటంతటవే మూసుకుంటాయి. అయిదు రోజులు దాటితే మేం 'ఎక్కువ కాలం లీకు' అని రాసుకుంటాం గానీ, ఇంకొన్ని రోజుల్లో చాలామందికి ఆగిపోతుంది. చూడాల్సింది బుడగలు రోజురోజుకీ తగ్గుతున్నాయా, ఎక్స్‌రేలో ఊపిరితిత్తి విచ్చుకుని ఉందా అని. దగ్గినప్పుడు మాత్రమే బుడగ వస్తుంటే అది తగ్గుముఖం. గొట్టంలో నీటిమట్టం ఊపిరితో పాటు పైకీ కిందకీ ఊగుతుంటే గొట్టం మూసుకుపోలేదని అర్థం, దానికి కంగారు పడకండి.

కంగారు పడాల్సినవి వేరే ఉన్నాయి. బుడగలు వస్తున్న గొట్టాన్ని ఎవరూ క్లిప్పు పెట్టి మూయకూడదు, బాత్రూమ్‌కి తీసుకెళ్లేటప్పుడు కూడా. లోపల గాలి చిక్కుకుని ఊపిరితిత్తిని, గుండెను నొక్కేస్తుంది. సీసా ఎప్పుడూ ఛాతీ కంటే కిందే ఉండాలి. ఉన్నట్టుండి ఆయాసం పెరిగినా, మెడ, ముఖం చర్మం కింద బుడబుడలాడుతూ ఉబ్బినా, గొట్టంలో ఒక్కసారిగా రక్తం ఎక్కువైనా వెంటనే నర్సుని పిలవండి.

ఇక నొప్పి. ఇక్కడ నేను కాస్త గట్టిగానే చెప్తాను. నొప్పి ఓర్చుకోవడం ఈ ఆపరేషన్‌లో గొప్పతనం కాదు. నొప్పికి భయపడి లోతుగా ఊపిరి తీయకపోతే, దగ్గకపోతే కఫం పేరుకుంటుంది, మనం ఇంత కష్టపడి విడిపించిన ఊపిరితిత్తి మళ్లీ ముడుచుకుంటుంది, మళ్లీ నిమ్ము. కాబట్టి నొప్పి మందు తగ్గించమని అడగకండి, సరిపోవడం లేదంటే పెంచమని అడగండి. వీపులో సన్న గొట్టం పెట్టి ఇచ్చేవి, నరాల దగ్గర ఇచ్చే ఇంజెక్షన్లు ఉన్నాయి. కోత మీద ఒక దిండు గట్టిగా అదిమి పట్టుకుని దగ్గమనండి, చాలా తేడా ఉంటుంది. మూడు బంతులున్న ఊపిరి పరికరం ఇచ్చి ఉంటారు, దాన్ని ఊదకూడదు, పీల్చాలి. ఇది సగం మంది తిరగేసి చేస్తారు. మెలకువగా ఉన్నంతసేపూ గంటకు పదిసార్లు. రోజుకు నాలుగైదు సార్లు సీసా చేత్తో పట్టుకుని వరండాలో నడిపించండి, గొట్టం ఉందని మంచానికి కట్టేసినట్టు ఉండక్కర్లేదు.

ప్రశ్న: మా బాబుకి అయిదేళ్లు. చీముకి చికిత్స చేసి ఇంటికి పంపారు. నెల తర్వాత ఎక్స్‌రేలో ఇంకా ఆ వైపు తెల్లగా, మందంగా ఉంది. పిల్లాడు మాత్రం గంతులేస్తున్నాడు. నడిచేటప్పుడు కొంచెం ఒక పక్కకి ఒంగినట్టు అనిపిస్తోంది. డీకార్టికేషన్ చేయించాలా?

గంతులేస్తున్నాడన్నారు కదా, సగం జవాబు మీరే ఇచ్చారు. పిల్లల ఊపిరితిత్తులు పెద్దవాళ్లవి కావు, అవి ఇంకా పెరుగుతున్నాయి, ఆ పొరను వాటంతటవే సర్దుకుని మామూలు చేసుకునే శక్తి వాటికుంది. చాలామంది పిల్లల్లో ఎక్స్‌రే 3 నుంచి 6 నెలల్లో దాదాపు మామూలవుతుంది, కొందరికి ఇంకా ఎక్కువ పడుతుంది. జ్వరం లేదు, తింటున్నాడు, ఆడుతున్నాడు అంటే ఎక్స్‌రేకి చికిత్స చేయం, పిల్లాడిని చూస్తాం. ఒంగడం కూడా ఆ వైపు నొప్పి, బిగుతు వల్ల వచ్చేదే, తగ్గిపోతుంది, పోయిందో లేదో తర్వాతి చెకప్‌లో చూపించండి. మళ్లీ జ్వరం వచ్చినా, బరువు తగ్గినా, ఆడుతూ ఆడుతూ కూలబడుతున్నా ఆగకుండా వెళ్లండి. ఊరికే ఇంకో సీటీ స్కాన్ మాత్రం మీరుగా అడగొద్దు, రేడియేషన్ దండగ.

ప్రశ్న: ఏడాది కిందట నాకు డీకార్టికేషన్ అయింది. అప్పటికంటే నయమే కానీ ఇప్పటికీ రెండో అంతస్తు ఎక్కితే ఆయాసమే. పూర్తిగా పోతుందని ఆశపడ్డాను. ఏదో మిగిల్చేశారా?

ఆపరేషన్‌కు ముందు ఎవరైనా మీతో ఈ మాట చెప్పి ఉండాల్సింది. డీకార్టికేషన్ ఊపిరితిత్తిని బాగుచేయదు, విడిపిస్తుంది. విడిపించాక అది ఎంత పనిచేస్తుందన్నది బెరడు కింద ఉన్న ఊపిరితిత్తి ఎంత బాగుందన్న దాని మీద ఉంటుంది. గాయం తగిలి రక్తం గడ్డకట్టి బెరడు కట్టినవాళ్లలో కింద ఊపిరితిత్తి చక్కగా ఉంటుంది, తీసిన కొన్ని నెలల్లో తేడా బ్రహ్మాండంగా తెలుస్తుంది. పాత టీబీ, ఏళ్ల తరబడి సిగరెట్, నాళాలు వెడల్పై కఫం పట్టిన ఊపిరితిత్తి అయితే బెరడు పోయినా కిందిది పాతదే. ఇంకోటి, చాలాకాలం నొక్కుకుపోయి ఉన్న ఊపిరితిత్తికి రక్తప్రసరణ కూడా తగ్గిపోయి ఉంటుంది, అది పూర్తిగా వెనక్కి రాదు.

మెరుగుదల మొదటి మూడు నుంచి ఆరు నెలల్లో ఎక్కువగా కనిపిస్తుంది, తర్వాత నెమ్మదిస్తుంది. ఏడాది అయింది కాబట్టి ఒకసారి స్పైరోమెట్రీ చేయించి ఆపరేషన్‌కు ముందు రిపోర్టుతో పోల్చండి. దాంతోపాటు హిమోగ్లోబిన్, గుండె ఎకో కూడా. ఛాతీ ఆపరేషన్ అయినవాళ్లకి ఏ ఆయాసం వచ్చినా అందరూ ఊపిరితిత్తి మీదికే నెట్టేస్తారు, రక్తహీనత ఎవరికీ గుర్తురాదు. అవన్నీ బాగుంటే మిగిలింది శరీరం అలవాటు తప్పడం. ఆయాసం వస్తుందని కదలడం మానేస్తే కండలు నీరసిస్తాయి, నీరసించిన కండలు ఇంకా త్వరగా ఆయాసపెడతాయి. పల్మనరీ రిహాబిలిటేషన్ అని ఆరు నుంచి ఎనిమిది వారాల వ్యాయామ శిక్షణ ఉంటుంది, దానికి వెళ్లి చూడండి.

ప్రశ్న: మా తాతగారికి 79. గుండె జబ్బు ఉంది, మంచం మీదే ఎక్కువ. ఆయనకు కూడా ఈ ఆపరేషన్ చేయొచ్చా?

చేయొచ్చా అన్నదానికంటే తట్టుకుంటారా అన్నది చూడాలి, మీరు రాసినదాన్ని బట్టి నాకు అనుమానమే. ఇలాంటివాళ్లకి చీము బయటికి పోయే దారి ఒకటి ఉంచితే చాలు. గొట్టాన్ని చిన్న సంచికి కలిపి ఇంటికి పంపడం ఒక పద్ధతి. పక్కటెముక చిన్న ముక్క తీసి కిటికీలాంటి దారి పెట్టడం ఇంకోటి, దీనికి రోజూ డ్రెస్సింగ్ చేయాలి, ఇంట్లోవాళ్లకి ఓపిక కావాలి. ఊపిరితిత్తి విచ్చుకోదు గానీ జ్వరం, విషం ఒంట్లోకి పాకడం ఆగుతాయి. ఆయన తన మాట తాను చెప్పగలిగే స్థితిలో ఉంటే ముందు ఆయన్నే అడగండి.

ప్రశ్న: డీకార్టికేషన్ అన్నారంటే క్యాన్సర్ అని దాస్తున్నారా?

లేదు. చాలావరకు చీము, టీబీ, గడ్డకట్టిన రక్తమే కారణం. ప్లూరాకు వచ్చే మీసోథీలియోమా అనే క్యాన్సర్‌లో కూడా ఈ పేరుతోనే ఇంకా పెద్ద ఆపరేషన్ ఒకటి ఉంది, ఇంటర్నెట్‌లో వెతికితే రెండూ కలగాపులగంగా కనిపిస్తాయి, మీకు భయం అక్కడే పట్టి ఉంటుంది. ఏ కారణంతో చేసినా తీసిన పొరను బయాప్సీకి పంపిస్తారు, టీబీ పరీక్షలకూ పంపుతారు. ఆ రిపోర్టు వచ్చిందా అని అడిగి ఒక కాపీ తీసుకోండి, డిశ్చార్జ్ హడావిడిలో చాలామంది మర్చిపోయేది ఇదే.

ప్రశ్న: ఆపరేషన్ అయి మూడు నెలలు. కోత కింద నుంచి రొమ్ము కింది దాకా మొద్దుబారినట్టు ఉంది, బట్ట తగిలితే చురుక్కుమంటుంది. ఇది ఎప్పటికీ ఇంతేనా?

పక్కటెముక కింది అంచు వెంబడి ఒక నరం వెళ్తుంది, అది వీపు నుంచి బయలుదేరి ముందుకు వచ్చి సరిగ్గా మీరు చెప్పిన చోటే ముగుస్తుంది. ఎముకల మధ్య సందు వెడల్పు చేసినప్పుడు, గొట్టం ఆనుకున్నప్పుడు అది నలుగుతుంది. కెమెరా ఆపరేషన్‌లో తక్కువ గానీ అసలు ఉండదని కాదు. చాలామందికి నెలల మీద తగ్గుతుంది, కొందరికి చిన్న మొద్దు మచ్చలా మిగిలిపోతుంది. చురుకు ఎక్కువగా ఉంటే మామూలు నొప్పి బిళ్లలు పెద్దగా పనిచేయవు, నరాల నొప్పికి వేరే మందులున్నాయి, మీ డాక్టర్‌ని అవే అడగండి. మొద్దుబారిన చోట వేడినీళ్ల బ్యాగు మాత్రం పెట్టుకోకండి, కాలినా మీకు తెలియదు.